రాక్షసుడని పేరు పెట్టింది ఎవరు?
(‘ఇనుయాషా’ బొమ్మల కథ గురించి)

మన పిల్లల్లో కొందరు ఇప్పుడు ఫోన్లలో జపాన్ బొమ్మల కథలు చదువుతున్నారు. వాటిని మాంగా అంటారు. టీచర్లలో చాలామంది వాటిని కాలక్షేపం కింద కొట్టిపారేస్తారు. మేము కూడా మొదట అలాగే అనుకున్నాం. చదివాక, వీటి గురించి పిల్లలతో కూర్చుని మాట్లాడటమే మంచిదనిపించింది.

ఈ కథల్లో చాలావాటికి ఒక పద్ధతి ఉంది. పదిహేను, పదహారేళ్ల వయసులో ఎవరికో తమలో నిద్రపోతున్న శక్తి మేలుకుంటుంది. దానితోపాటు లోపలి చీకటి కూడా లేస్తుంది. ఆ రెంటి మధ్య ప్రేమ నడుస్తుంది. అలాంటివాటిలో పేరున్నది ‘ఇనుయాషా’. రాసి, బొమ్మలు గీసినది తకహాషి రుమికో అనే రచయిత్రి. 1996 నుంచి 2008 వరకు జపాన్‌లో ఒక వారపత్రికలో వచ్చింది. పుస్తకాలుగా 56 సంపుటాలు.

మేము దీన్నే ఎంచుకోవడానికి కారణం ఉంది. మనిషిలోని చీకటి ఎక్కడి నుంచి వస్తుంది, రక్తం నుంచా, బతుకు నుంచా అని ఈ కథ అడుగుతుంది. మన జాతుల మీద ఎంతోమంది తీర్పు చెప్పేసిన ప్రశ్న అది.

కథ ఇది. టోక్యోలో కగోమే అనే బడిపిల్ల పదిహేనో పుట్టినరోజున ఇంటి పాత బావిలో పడి, కొన్ని వందల ఏళ్ల కిందటి యుద్ధాల కాలంలో తేలుతుంది. అక్కడ చెట్టుకు బాణంతో బిగించి ఉన్న యువకుణ్ణి విడిపిస్తుంది. అతనే ఇనుయాషా. తల్లి మనిషి, తండ్రి యోకాయి. కోరికలు తీర్చే ఒక మణి ముక్కలై ఊళ్ల మీద పడుతుంది. ఆ ముక్కలు వెతుకుతూ ఇద్దరూ తిరుగుతారు.

యోకాయి అనే మాట దగ్గర ఆగాలి. ఇంగ్లీషు అనువాదంలో దాన్ని ‘డెమన్’ అన్నారు. మనం చదివేటప్పుడు దాన్ని ‘రాక్షసుడు’ చేసుకుంటాం. జపాన్ పల్లెల నమ్మకంలో యోకాయి అంటే అంత చెడ్డ మాట కాదు. నక్క యోకాయి కావచ్చు, ఏటి ప్రాణి కావచ్చు, పాతబడిన గొడుగు కూడా కావచ్చు. కొన్ని హాని చేస్తాయి, కొన్ని సాయం చేస్తాయి, కొన్ని ఊరికే ఆట పట్టిస్తాయి. ఈ కథలోనే హీరో కత్తి రహస్యం చెప్పేది ఒక ముసలి చెట్టు. కొండకూ మానుకూ మొక్కే మనకు ఇది కొత్త కాదు. అడవిలో ఉన్నవాళ్లకు రాక్షసులని పేరు పెట్టిన కథలూ మనకు తెలుసు. గోండుల్లో కొందరు రావణుణ్ణి తమ పూర్వీకుడిగా కొలుస్తారన్నదీ తెలుసు. అందుకే ఆ మాట దగ్గర మేము తొందరపడలేదు.

ఇనుయాషా సగం యోకాయి. మనుషులు దగ్గరికి రానివ్వరు, యోకాయిలు తమలో కలుపుకోరు. మణి దొరికితే పూర్తి యోకాయి కావాలని అతని కోరిక. అంతకుముందు అతన్ని ప్రేమించిన కిక్యో అనే పూజారిణి, ఆ మణితోనే పూర్తి మనిషివి కమ్మని అడిగింది. రెండు దారులూ అడిగేది ఒకటే, సగాన్ని వదులుకోమని. మన పిల్లలకూ ఇలాంటి దారులే చూపిస్తారు. ఊరి భాష, యాస వదిలేసి అందరిలో కలిసిపొమ్మంటారు కొందరు. అసలైన ఆదివాసీలా కనిపించాలంటే ఇలాగే ఉండాలని కొలతలు పెడతారు మరికొందరు.

మాకు బాగా గుర్తుండిపోయింది జినెంజి కథ. అతనూ సగం యోకాయే. పెద్ద శరీరం, మెత్తని మనసు. ఊరి బయట తల్లితో ఉంటూ మందు మొక్కలు పెంచుతాడు. ఊళ్లో ఏదో వచ్చి మనుషుల్ని తింటుంటే జనం కర్రలు పట్టుకుని అతని మీదికే వస్తారు. తినేది మరో యోకాయి. అతను ఎదురు తిరగడు, దెబ్బలు తింటాడు. ఈ భాగాన్ని తరగతిలో చదివించమని టీచర్లను కోరుతున్నాం. దాని పక్కనే మన చరిత్ర కూడా చెప్పాలి. 1871లో బ్రిటిష్ ప్రభుత్వం కొన్ని జాతుల్ని పుట్టుకతోనే నేరస్థులుగా చూసే చట్టం తెచ్చింది. 1911 చట్టంతో అది మద్రాసు రాష్ట్రానికీ వచ్చింది. ఎరుకల కుటుంబాల్ని స్టూవర్టుపురం సెటిల్‌మెంటులో పెట్టారు. దేశమంతటా ఆ చట్టం పోయింది 1952లో. ఊళ్లో దొంగతనం జరిగితే ముందు ఎవరి గుడిసె వైపు చూస్తారన్న అలవాటు చట్టంతోపాటు పోలేదు.

కథ తడబడిన చోటు కూడా చెప్పాలి. చావు ముంచుకొచ్చినప్పుడు ఇనుయాషాలో తండ్రి రక్తం పొంగుతుంది. స్నేహితుల్ని కూడా గుర్తుపట్టడు, బతిమాలుతున్నవాళ్లనూ చంపుతాడు. తర్వాత తన చేతుల్ని చూసి తనే భయపడతాడు. అంటే చీకటి రక్తంలోనే ఉందని కథ ఒప్పుకున్నట్టే కదా అని మాలో మేమే వాదించుకున్నాం. కానీ మందు ఎక్కడిదో చూడండి. ఆ రక్తాన్ని అదుపులో ఉంచేది తండ్రి కోరతో చేసిన కత్తి. బలమూ, దాన్ని పట్టి ఉంచేదీ రెండూ పెద్దల నుంచి వచ్చినవే. ఆ కత్తి విరిగినప్పుడు ఇనుయాషా సొంత కోర కలిపి అతుకుతారు. అప్పుడది మోయలేనంత బరువెక్కుతుంది. అంతవరకు తండ్రి బలం మీద ఆడిన కత్తిని ఇక తన బలంతో ఎత్తాలి. పెద్దల నుంచి వచ్చిన భాష, పాట, మందుల తెలివి కూడా అంతే. మన కష్టం కలపకపోతే అవి మన చేతిలో నిలవవు.

విలన్ నరాకు పేరు, మన నరకం అనే మాట బౌద్ధంతో జపాన్ చేరి మారిన రూపం. ఇతని పుట్టుక వేరు. ఒళ్లు కాలి కదలలేని ఒక దొంగ, తనకు సేవ చేసిన కిక్యో మీద ఆశతో తన శరీరాన్ని యోకాయిలకు ఇచ్చేస్తాడు. వాటితో కలిసి నరాకు అవుతాడు. తనలో మిగిలిన మనిషి గుండెను పారెయ్యాలని కథంతా తంటాలు పడతాడు. ఇతనిలోని అసలు చీకటి మనిషి ఆశ నుంచే వచ్చింది. ఇద్దరూ సగం సగం వాళ్లే. ఒకడు తన సగంతో బతకడం నేర్చుకుంటాడు, ఇంకొకడు దాన్ని పెరికేసుకోబోయి పాడైపోతాడు.

మాకు నచ్చనివీ ఉన్నాయి. కథ చాలా సాగింది. అడవుల్లో, కొండల్లో పేరులేని యోకాయిలు గుంపులుగా చస్తూనే ఉంటాయి, వాటికీ ఒక కథ ఉండొచ్చని ఎప్పుడో తప్ప అనిపించదు. ఇనుయాషా మెడలో ఒక పూసలదండ ఉంటుంది. కగోమే కుక్కకు చెప్పినట్టు కూర్చోమంటే అతను నేలకు కొట్టుకుంటాడు. మొదట నవ్వుకున్నాం. తర్వాత నవ్వు ఆగిపోయింది. అతను కిక్యోను మరచిపోలేక తిరుగుతుంటే కగోమే ఎన్నాళ్లు సర్దుకుపోవాలన్న కోపం కూడా వచ్చింది. అయినా కగోమే సంచిలో పాఠ్యపుస్తకాలు పెట్టుకుని తిరుగుతుంది, పరీక్షల కోసం ఇంటికి పరిగెడుతుంది. హైస్కూలు పూర్తి చేశాకే ఆ కాలానికి తిరిగి వెళ్లి అతనితో ఉండిపోతుంది. ఆడపిల్లలకు ఈ సంగతి ప్రత్యేకంగా చెప్పండి.

చివర్లో మణి కగోమేను కోరిక కోరమంటుంది. ఏం కోరుకున్నా తీరుతుందని ఆశ పెడుతుంది. మణి లేకుండా పోవాలని ఆమె కోరుకుంటుంది. ఇనుయాషా సగం యోకాయిగానే మిగులుతాడు. అతన్ని మార్చమని ఆమె అడగదు, మారాలని అతనూ ఇక అనుకోడు.

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, జపాన్ కథలు చదవండి. చదివాక మీ తాత దగ్గర కూర్చుని, మన కొండలో ఎవరుంటారో అడగండి. ఆయన చెప్పినదాన్ని రాయండి. బొమ్మలు గీయడం వస్తే గీయండి. ఆ బొమ్మ కింద పేరు మాత్రం మీ భాషలో మీరే పెట్టండి.