ఆసు పోసిందెవరు?

బట్టల కొట్లో మనకు నచ్చే చీర ఎప్పుడూ పక్కావిడ ఒళ్లో ఉన్నదే అయి ఉంటుంది. నా సంగతి మరీ అన్యాయం. తొమ్మిదో ఏటినుంచీ నేను కన్నేసిన బట్ట ఏ కొట్లోనూ దొరకదు. అసలు భూమ్మీద ఎవరూ చూసి ఎరగరు. భావనాఋషి తామర నూలుతో దేవతలకు నేసిన బట్ట అది.

కథ తెలియనివారికి రెండు ముక్కల్లో చెబుతాను. దేవతలకు కట్టుకోను బట్టల్లేవు. మార్కండేయుడు యజ్ఞం చేస్తే హోమగుండంలోంచి భావనాఋషి పుట్టాడు. విష్ణుమూర్తి నాభిలోంచి వచ్చిన తామర తూడు నుంచి నూలు తీసి మొట్టమొదటి బట్ట నేశాడు. అందుకు ఆయనకు సూర్యుడి కూతురు భద్రావతినిచ్చి పెళ్లి చేశారు. ఎక్కి తిరగడానికి పులి కూడా వచ్చింది. తర్వాత కాలవాసురుడనే రాక్షసుడితో యుద్ధం, నూటొక్క మంది కొడుకులు... ఆ సంతతే మేమని పద్మశాలీలు చెప్పుకుంటారు.

నేనీ కథ పుస్తకంలో చదవలేదు, పటం మీద చూశాను. మాది సదాశివనగర్. 2016లో కామారెడ్డి జిల్లాలోకి వచ్చింది గానీ నా చిన్నప్పుడు నిజామాబాదు జిల్లానే. పెద్దరోడ్డు మీద రాత్రంతా లారీల మోత. రోడ్డు దిగి లోపలికి నడిస్తే పద్మశాలీల వాడ. అప్పటికే మగ్గాలు చాలామటుకు మూలపడ్డాయి. మగవాళ్లు కొందరు భివండీ, కొందరు షోలాపూర్ మరమగ్గాలకు వెళ్లిపోతే, ఇంటింటి అరుగు మీదా ఆడవాళ్ల ఒళ్లో చేటా, చేటలో తునికాకూ, తంబాకూ. మా పక్కింటి పెద్దమ్మ మాట్లాడుతూ కూడా బీడీ చుట్టేది. చూపు మన మీద ఉండేది, వేళ్లు వాటి పని అవి చేసుకుపోయేవి.

ఒక ఎండాకాలం ఆ వాడకి కూనపులివాళ్లు వచ్చారు. తెలంగాణలో ఒక్కో కులానికి ఒక్కో పటం, ఆ పటం చెప్పే హక్కున్న మనుషులు వేరే ఉంటారు. గౌడులకు గౌడజెట్టివాళ్లు, ముదిరాజులకు కాకిపడగలవాళ్లు, పద్మశాలీలకు కూనపులివాళ్లు. రెండు గుంజల మధ్య పటం వేలాడదీసి, కథ నడిచే కొద్దీ చుట్ట విప్పుతూ, కర్రతో ఒక్కో బొమ్మా చూపిస్తూ పాడతారు. ఎర్రటి నేల మీద నీలం దేవుళ్లు, పసుప్పచ్చ అమ్మవార్లు, కోరల రాక్షసులు. మాకు అదే సినిమా.

నేను కాచుకు కూర్చున్నది ఆ బట్ట కోసం. అర్ధరాత్రికి వచ్చింది. గుంట మగ్గం, ఋషి చేతిలో నాడె, పక్కన పనయ్యేదాకా ఆగినట్టు నిలబడ్డ పులి. మగ్గం మీద మాత్రం అరచేయంత తెల్ల పట్టీ, దానికి అటూ ఇటూ రెండు గీతలు. అంతే! రాక్షసుడికి అన్ని బొమ్మలు రాసిన చెయ్యి, దేవలోకపు బట్టకి ఇంత పిసినారితనమా అని ఏడుపొచ్చింది నాకు.

ఇప్పుడు నలభై దాటాక అనిపిస్తుంది, చిత్రకారుడు తెలివైనవాడే. జరీ పువ్వులు రాసి ఉంటే అది పోచంపల్లికి పైనా కిందా అని బేరాలాడేవాళ్లం. ఖాళీగా వదిలేశాడు గనకే ముప్ఫై ఏళ్లుగా దాన్ని నేను నేసుకుంటున్నాను. కానీ ఇంకో సంగతి ఉంది. నకాషీలు పటం రాసేముందు ఖాదీ బట్టకు గంజి పట్టించి, సుద్దమట్టీ చింతగింజల అంబలీ తుమ్మబంకా కలిపి పూత మీద పూత వేస్తారు. పైన రంగు పడేసరికి పడుగూ పేకా కనిపించవు. బట్ట పుట్టుక చెప్పే కథలో కనిపించనిది ఆ కిందున్న బట్టే. నిద్రాపుకోలేక పటం వెనక్కి వెళ్లినప్పుడు చూశాను, ఆ వైపున దేవుడూ లేడు, పులీ లేదు. ఉత్త నూలు పోగులు.

సరిగ్గా అప్పుడే పెద్దమ్మ గొంతు వినబడింది.

"అయ్యా, నేసింది గాయన. మరి ఆసెవలు పోసిన్రు? కండెలెవలు సుట్టిన్రు?"

కథ ఆగింది. చెప్పేవాడు పెద్దవాడు, గట్టివాడు. కర్ర పెళ్లిబొమ్మలో ఉన్న భద్రావతి మీద పెట్టి, "గీ తల్లి సుట్టింది" అన్నాడు.

"లగ్గం బట్ట నేసినంకనే గద. లగ్గం గాకముందే వచ్చి సుట్టిందా?"

"కండెలు సుట్టుకునుడు ఎంత కష్టమో తెలిసినంకనే లగ్గం జేసుకున్నడమ్మా!"

వాడంతా ఘొల్లుమంది. మగవాళ్లు నవ్వారు, ఆడవాళ్లు ఇంకా ఎక్కువ నవ్వారు. పెద్దమ్మ నవ్వలేదు. ఆయన ఏమనుకున్నాడో, వెంటనే వరస మార్చి, పటం మీద ఎక్కడా లేని బొమ్మని పాట కట్టాడు. భద్రావతి వాకిట్లో ఆసు పోస్తోందట, సూర్యుడు కూతురి నెత్తి మీద ఎండ తగ్గించాడట.

ఆ పటం మీద నాకున్న ఫిర్యాదూ అదే, దాని గొప్పా అదే. అందులో భద్రావతి పీటల మీద కూర్చుంటుంది, భర్త పక్కన నిలబడుతుంది, పని మాత్రం ఒక్కటీ చెయ్యదు. ఇంటిల్లిపాదీ కలిస్తే తప్ప అడుగు జరగని మగ్గం దగ్గర ఆయనొక్కడే ఉంటాడు. కానీ ఎదురుగా కూర్చున్న మనిషి అడిగితే, జవాబు చెప్పుకోవలసిన మనిషి ఒకడు పటం పక్కన ఉన్నాడు.

చేర్యాల పటాలు ఇప్పుడు అరచేయంత చట్రాల్లో వస్తున్నాయి. హైదరాబాదు ఎగ్జిబిషన్‌లో మగ్గం ముందు ఋషి బొమ్మ ఒకటి కొన్నాను. గీత శుభ్రంగా ఉంది, రంగులు ముచ్చటగా ఉన్నాయి. రాసేవాళ్లు బతకాలి కదా, తప్పు పట్టను. కానీ ముందు బొమ్మా లేదు, వెనక బొమ్మా లేదు, కర్ర పట్టుకున్న మనిషీ లేడు. మా హాల్లో సోఫా పైన తగిలించాను. వచ్చినవాళ్లు "ఎంతకు తీసుకున్నారండీ?" అంటారు. అంతకు మించిన ప్రశ్న దాన్ని ఇంతవరకూ ఎవరూ అడగలేదు. లండన్ బ్రిటిష్ మ్యూజియంలోనూ భావనాఋషి పటం ఒకటుంది. అక్కడ దాన్నెవరు ఏమడుగుతారో!

అన్నట్టు, ఆ బట్ట ఉత్త కల్పన అని ఇన్నాళ్లూ అనుకున్నాను. మయన్మార్‌లో ఇన్లే సరస్సు దగ్గర తామర నూలు నిజంగానే తీస్తారు, బౌద్ధ భిక్షువులకు వస్త్రాలు నేస్తారు. మన మణిపూర్‌లో లోక్‌తక్ సరస్సు దగ్గరా మొదలుపెట్టారు. తూడు విరిచి లాగితే సాలీడు దారంలాంటి పోగులు వస్తాయి. వాటిని బల్ల మీద తడిచేత్తో దొర్లించి పురి పెడతారు. ఒక్క కండువాకే వేల తూళ్లు కావాలి. ఆ వీడియోల్లో నేను చూసిన చేతులన్నీ ఆడవాళ్లవే.

మొన్న ఊరికి వెళ్లినప్పుడు ఫోన్లో పెద్దమ్మకు చూపించాను. ఇప్పుడు చూపు ఆనదు, దగ్గరగా పెట్టుకుని చూసింది. భావనాఋషి నేసిన నూలు ఇదే పెద్దమ్మా అన్నాను. ఆమె చాలాసేపు ఆ వేళ్లనే చూసింది.

"బీడీ సుట్టినట్టే ఉన్నది బిడ్డా" అంది. "వాళ్లకు దినానికి ఎంతిస్తరట?"