సంఘం షాట్

దిల్‌సుఖ్‌నగర్ మెట్రో స్టేషన్ మెట్ల మీద నిలబడి కెమెరా కిందికి వంచితే చాలు, రోడ్డంతా చిక్కుతుంది. ఆర్టీసీ బస్సులు, కోచింగ్ సెంటర్ల బోర్డులు, సంచులు భుజానేసుకున్న పిల్లలు, పండ్ల బండ్లు. డాక్యుమెంటరీ తీస్తానని బయల్దేరిన తొలి రోజుల్లో నేను తీసిందంతా అక్కణ్ణుంచే. ఇంటికొచ్చి చూసుకుంటే అన్నీ నెత్తులే, ముఖం ఒక్కటీ లేదు.

జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో కెమెరా పట్టే ఆడవాళ్లయితే దీన్ని ‘పటేల్ షాట్’ అంటారు. ఎత్తు మీద కూర్చున్న పటేలు కింద నిలబడ్డ కూలీని చూసే చూపు అది. కూలీ తలెత్తి పటేలును చూసినట్టు తీస్తే బానిస షాట్. ఇద్దరి కళ్లూ ఒకే ఎత్తులో ఉంటే సంఘం షాట్, ఎందుకంటే సంఘంలో అందరూ సమానమే. ఫిల్మ్ స్కూళ్లలో హై యాంగిల్, లో యాంగిల్ అని చెప్పే పాఠమే ఇది. కాకపోతే ఆ పేర్లు కెమెరా ఎక్కడుందో చెబుతాయి, ఈ పేర్లు ఎవరు ఎవర్ని చూస్తున్నారో చెబుతాయి.

డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ 1983 నుంచి ఆ చుట్టుపక్కల పల్లెల్లో దళిత మహిళా రైతుల సంఘాలతో పనిచేస్తోంది. దూరదర్శన్‌లో ప్రొడ్యూసర్‌గా చేసి వచ్చిన పి.వి.సతీశ్ దాని వ్యవస్థాపకుల్లో ఒకరు, 2023లో కన్నుమూశారు. తొంభైల చివర్లో రైతుల చేతికే వీడియో కెమెరాలు వచ్చాయి. హుమ్నాపూర్ లక్ష్మమ్మ లాంటి వాళ్లు అలా ఫిల్మ్‌మేకర్లుగా తయారైనవాళ్లే. కెమెరా పట్టేదీ వాళ్లే, సినిమా ఎలా నడవాలో తేల్చేదీ వాళ్లే.

2002లో జన్యుమార్పిడి చేసిన బీటీ పత్తికి అనుమతి వచ్చింది. వీళ్లు వరంగల్ జిల్లా చేలకు వెళ్లి, ఒక్కసారి చూసి వచ్చేయకుండా, పంటకాలమంతా అదే రైతుల దగ్గరికి మళ్లీ మళ్లీ వెళ్లారు. రైతులకు ఆ విత్తనం మీద కోపం ఎందుకొచ్చిందో చెప్పే వీళ్ల సినిమా 2003లో వచ్చింది. ఆశగా విత్తనం పెట్టిన మనిషిని, పత్తి ఏరాక అదే మనిషిని పక్కపక్కన పెడితే గంభీరమైన గొంతుతో వ్యాఖ్యానం అక్కర్లేదు. (మన డాక్యుమెంటరీలకు ఆ గొంతు రోగం ఎప్పుడు వదులుతుందో!) పైగా అడిగేదీ రైతే కాబట్టి జవాబులు చేను గట్టు మీది మాటల్లా వస్తాయి.

దర్శకుడే కెమెరా పట్టడంలో ఇంకో లాభం ఉంది. ‘ఇప్పుడు దగ్గరికెళ్లు’ అని ఇంకొకరికి చెప్పేలోపు ముఖంలో మెరిసింది ఆరిపోతుంది. నష్టమూ ఉంది. కన్ను వ్యూఫైండర్‌కు అతుక్కుంటే చెవి పనిచేయదు. నా ఫుటేజీలో సగం హారన్లే.

మా తూర్పు హైదరాబాద్‌లో పటేల్ షాట్లకు కొదవ లేదు. 2018 సెప్టెంబర్‌లో ఎల్.బి.నగర్ దాకా మెట్రో వచ్చాక ప్రతి స్టేషనూ ఒక గద్దె. ఒక సాయంత్రం దిగొచ్చి, ఫుట్‌పాత్ మీద ఆకుకూరలమ్మే పెద్దమ్మ పక్కన గోనెసంచి మీద కూర్చున్నాను. ఆవిడ కళ్ల ఎత్తులో కెమెరా పెట్టి చూస్తే దిల్‌సుఖ్‌నగర్ అంటే మోకాళ్లు, చెప్పులు, వేలాడే సంచులు. బేరమాడేవాళ్ల ముఖాలు ఫ్రేములో లేవు, చేతులే ఉన్నాయి. ఒక చెయ్యి పాలకూర కట్టను తిప్పి తిప్పి చూసి, కుప్ప మీదికి విసిరింది. పెద్దమ్మ ఏమీ అనకుండా దాన్ని సర్దిపెట్టి నీళ్లు చిలకరించింది. నాలుగు చుక్కలు లెన్స్ మీద పడ్డాయి.

“ఎంతసేపు తీస్తవ్ బిడ్డా? జర ఈడ చూస్కో, చిల్లర తెస్త” అని లేచింది.

కెమెరా ఆపడం మర్చిపోయి ఒళ్లో పెట్టుకున్నాను. ఆవిడ వచ్చేలోపు రెండు కట్టలు అమ్మాను, ఒకటి తక్కువకే. అదంతా రికార్డయింది.