ఫ్లాష్‌బ్యాక్ ఎవరిది?

మన దెయ్యం సినిమాల్లో ఇంటర్వెల్ దాటాక ఫ్లాష్‌బ్యాక్ వస్తుంది. అది చచ్చిపోయిన మనిషిది. ఎవరు చంపారో తెలిసి, పగ తీరగానే దెయ్యం వెళ్లిపోతుంది. ఆ కథలన్నా నాకిష్టమే. కానీ చూసి ఇన్నాళ్లయినా నన్ను వదలనిది మాత్రం 2020లో రెమీ వీక్స్ తీసిన ‘హిజ్ హౌస్’. అందులో ఫ్లాష్‌బ్యాక్ బతికున్నవాళ్లది.

దక్షిణ సుడాన్ యుద్ధం నుంచి పారిపోయిన బోల్, రియల్ దంపతులు ఇంగ్లండ్ చేరతారు. కూతురని చెప్పుకున్న న్యాగాక్ దారిలోనే సముద్రం పాలైంది. ప్రభుత్వం ఓ పాడుబడ్డ ఇల్లు చూపించి ఇక్కడే ఉండాలంటుంది. గోడల వెనక ఏదో కదులుతుంటుంది. ఒకచోట బోల్ టేబుల్ దగ్గర కూర్చుని భోంచేస్తుంటాడు. కెమెరా మెల్లగా వెనక్కి జరుగుతుంది. జరిగేకొద్దీ గోడలు తెగిపోయి, ఆ ఇంటి ముక్క నడిసముద్రంలో కనిపిస్తుంది. కేక లేదు, ఉలిక్కిపడేంత శబ్దం లేదు. అయినా నాకు ఊపిరాడలేదు. ఒడ్డుకు చేరాడనుకున్న మనిషి ఇంకా నీళ్లలోనే ఉన్నాడని ఒక్క మాటా లేకుండా చెప్పేశాడు దర్శకుడు.

సినిమా చూడనివారు ఈ పేరా దాటెయ్యండి. పిల్లలున్నవాళ్లనే బస్సెక్కిస్తున్నారని తెలిసి, బోల్ ఎవరి పిల్లనో లాక్కుని నా కూతురే అన్నాడు. కన్నతల్లి బస్సు వెనక పరుగెత్తుతూ ఉండిపోయింది. బాధితుడి చేతే ఇంకొకరికి అన్యాయం చేయిస్తుంది యుద్ధం. ఈ సంగతిని ఇంత సూటిగా చెప్పిన హారర్ సినిమా నేను వేరొకటి చూడలేదు. చివర్లో తమను పీడిస్తున్న క్షుద్రశక్తిని రియల్ చంపేస్తుంది. అయినా చనిపోయినవాళ్లు ఇల్లు విడిచి పోరు. రియల్ పాత్రలో వున్మీ మొసాకు అరుపుల కంటే మౌనంతోనే ఎక్కువ భయపెట్టింది.

ఆస్ట్రేలియా దర్శకురాలు జెనిఫర్ కెంట్ ‘ది బాబడూక్’ (2014) కూడా ఈ కోవదే. అందులో కథానాయిక అమీలియాను కాన్పుకు తీసుకెళ్తూ భర్త కారు ప్రమాదంలో పోయాడు. అందుకే కొడుకు పుట్టినరోజును ఆ తేదీన ఎప్పుడూ జరపదు. దిగమింగుకున్న దుఃఖం రాక్షసుడై ఇంట్లో తిరుగుతుంది. చివరికి ఆమె దాన్ని చంపదు. నేలమాళిగలో ఉంచి, గిన్నెలో వానపాములు తీసుకెళ్లి పెడుతుంది. పిల్లాడి పుట్టినరోజు మొదటిసారి అసలు రోజునే జరుగుతుంది. రాక్షసుడు చావకపోతే అదేం ముగింపని అడిగేవాళ్లున్నారు. వాడు చచ్చి ఉంటే అది మామూలు దెయ్యం సినిమా అయ్యేది. భర్తను పోగొట్టుకుని, అదే రోజున తల్లి అయిన ఆడమనిషి కథ కాకుండా పోయేది.