కొడుకులకంటే చిన్న తండ్రి

గుమ్మడిగారూ, మీ పడుచుదనాన్ని తెలుగు తెర సరిగా చూడనే లేదు. 1955లో ‘అర్ధాంగి’ వచ్చేనాటికి మీకు 27 ఏళ్లు. కట్టింది జమీందారు వేషం. కొడుకులుగా నటించిన అక్కినేని, జగ్గయ్య ఇద్దరూ మీకంటే పెద్దవాళ్లే. భార్యగా వేసిన శాంతకుమారిగారూ పెద్దే. అయినా ఆ ముగ్గురి మధ్య మీరు నిలబడితే ఇంటి పెద్ద ఎవరని ఎవరూ అడగలేదు. ఆ పెద్దరికం విగ్గులోనో మీసంలోనో ఉందనుకోను. మాట అనబోయి ఆగిపోయే ఆ అరక్షణంలో ఉంది. బిడ్డను కోప్పడ్డాక గొంతులో మిగిలే తడిలో ఉంది.

తెనాలి దగ్గర రావికంపాడు మీది. రైతు ఇంట పుట్టారు. బడిలో ఆడిన ‘పేదరైతు’ నాటకంలో తొలి వేషమూ ముసలి రైతుదే! పసి భుజాల మీదికి అప్పుడెక్కిన ముసలితనం మరి దిగలేదు. 1950లో ‘అదృష్టదీపుడు’తో సినిమాల్లోకి వచ్చారు. ఎన్టీ రామారావుగారు సొంత సంస్థలో తీసిన ‘పిచ్చిపుల్లయ్య’, ‘తోడుదొంగలు’ మిమ్మల్ని నిలబెట్టాయి. ఇక ఆ తర్వాత తండ్రులు, అన్నలు, మంత్రులు, మునులు, దశరథులు.

హైదరాబాద్ శివారులోని మా దూలపల్లిలో, ఫారెస్ట్ అకాడమీ చెట్ల వైపు కిటికీలు తెరుచుకునే ఇళ్లలో, టీవీలో ‘మాయాబజార్’ వేస్తే పిల్లల దగ్గరికి ఊళ్లనుంచి వచ్చిన పెద్దవాళ్లు కుర్చీలు ముందుకు లాక్కుంటారు. మనవలు ఘటోత్కచుడి కోసం చూస్తారు. నేను మీరు వేసిన బలరాముడి కోసం చూస్తాను. ప్రియదర్శిని పెట్టెలోకి తొంగిచూస్తే ఎవరికి ప్రియమైనది వారికి కనబడుతుంది కదా. మీకు శిష్యుడు దుర్యోధనుడు కనబడతాడు. అప్పుడు మీ మొహం ఎలా విచ్చుకుంటుందో! అంత మురిసిపోయే గురువును మోసం చేయడానికి శకునికి చేతులెలా వచ్చాయా అనిపిస్తుంది. కోపం ముక్కు మీద, మనసు అరచేతిలో పెట్టుకుని తిరిగే మనిషి. మోసపోయేవాణ్ని మీరు వెర్రివాడిగా చూపలేదు. నమ్మడం తెలిసినవాడిగా చూపారు.

ఆ నమ్మకమే 1962లో ‘మహామంత్రి తిమ్మరుసు’ అయింది. కృష్ణదేవరాయలుగా రామారావుగారంతటివారు పక్కనుండగా, సినిమాకు పేరు మాత్రం మంత్రిది. కొడుకులా చూసుకున్న రాజే నింద మోపి కళ్లు తీయిస్తే, ఆ చూపులేని మొహంలో పగ లేదు. దిగులు మాత్రం ఉంది, అదీ తనకోసం కాదు, రాజు కోసం. ఆ ఏటి ఉత్తమ తెలుగు చిత్రంగా దానికి రాష్ట్రపతి రజత పతకం వచ్చింది. మరుసటి ఏడే ‘లక్షాధికారి’లో అసలు విలన్ మీరేనని తేలితే జనం ఉలిక్కిపడ్డారు. మంచివాడి మొహానికి అంత అలవాటు పడ్డాం మేము.

పద్మశ్రీ, బిరుదులు మీ దగ్గరికి వచ్చాయి, పోనీండి. నాకు వాటికంటే పెద్దగా తోచేది మీరు వద్దనుకున్నది. ఏళ్లు పైబడ్డాక గొంతు దెబ్బతింది. అరువు గొంతుతో నటించడం మీకు మనస్కరించలేదు. మొహం ఒకరిది, మాట ఒకరిది అయితే అది మీ వేషం కాదనుకున్నారు. ఎవరూ ఆపకుండానే ఆగిపోయారు. దశాబ్దాలపాటు మా ఇళ్లలో పెద్దవాడిగా మసలిన గొంతు అది. మరొకరితో పలికిస్తే మేము గుర్తుపట్టేవాళ్లం.

2010 జనవరిలో రంగులద్దిన ‘మాయాబజార్’ను విడుదలకు ముందే మీకు చూపించారు. తెర మీది బలరాముడికి 29 ఏళ్లు, చూస్తున్న మీకు 82. ఆ సినిమా థియేటర్లకు వచ్చింది 30న, మీరు వెళ్లిపోయింది 26న. ఆ నాలుగు రోజులూ ఉండాల్సింది గుమ్మడిగారూ. జనం మధ్య కూర్చుని, వాళ్ల ఈలల్లో, చప్పట్లలో చూసుకోవాల్సిన బలరాముడు మీది.