'అధికారము': ఒక్క తెలుగు మాట, పలు గ్రీకు పదములు

మన పాత తెలుగు అనువాదములో 'అధికారము' అను మాట మోయదగినదానికంటె ఎక్కువ బరువు మోయుచున్నది. దీనివలన ప్రసంగములలో కలుగుచున్న నష్టమును మేమిక్కడ పరిశీలింపగోరుచున్నాము.

'ఎక్సూసియా' అను పదము 'ఎక్సెస్తిన్' (చేయవచ్చును, అనుమతి కలదు) నుండి వచ్చినది. అది ఒకరు ఇయ్యగా కలిగిన హక్కు. 'డ్యూనమిస్' సామర్థ్యము. లూకా 10:19లో రెండును ఉన్నవి: శత్రువునకున్నది డ్యూనమిస్, శిష్యులు పొందినది ఎక్సూసియా. అక్కడ అనువాదకులు బలము, అధికారము అని చక్కగా వేరుచేసిరి. 1 కొరింథీ 8:9లో ఎక్సూసియాను స్వాతంత్ర్యమనిరి. 9వ అధ్యాయములో మరల అధికారమనిరి. పౌలు అక్కడ చెప్పునది తన జీవనోపాధి హక్కును గూర్చి, అదియు తాను వాడుకొనలేదనియే. ఆ అధ్యాయముతోనే సంఘముమీద కాపరి పెత్తనమును నిలబెట్టు ప్రసంగములు పల్నాటి సభలలో మాకు తరచుగా వినబడుచున్నవి.

1 తిమోతి 2:12 సంగతి మరింత గడ్డు. గురజాలలో నలగామరాజు మంత్రిణియైన నాయకురాలు నాగమ్మ కథ మన ప్రాంతములో ఎరుగనివారు లేరు. స్త్రీ చేతికి అధికారము వచ్చుటచేతనే కారంపూడిలో రక్తము పారెనని కొందరు బోధకులు ఈ వచనమునకు ఆమెను దృష్టాంతముగా తెత్తురు. (మాచర్ల పక్షమున బ్రహ్మనాయుడును ఉండెను, ఆయన పురుషుడే గదా!)

ఆ వచనములోని క్రియ 'ఔథెంతేయిన్'. క్రొత్త నిబంధన అంతటిలో ఇది ఒక్కసారే కనబడును. సాధారణ అధికారమునకు 'ఎక్సూసియజో' అను క్రియ ఉండనే ఉన్నది. 1 కొరింథీ 7:4లో పౌలు దానినే వాడి, భర్త దేహముపై భార్యకును సమానముగా అధికారమిచ్చెను. 'ఔథెంతేస్' అను నామవాచకమునకు ప్రాచీన గ్రీకులో హంతకుడు అను అర్థము కలదు. సొలొమోను జ్ఞానగ్రంథము 12:6లోను అట్లే వాడబడెను. లాతిను వల్గేటు 'దొమినారి' అని, ఏలుబడి అర్థమునే ఇచ్చెను. తరువాతి శతాబ్దముల క్రైస్తవ రచనలలో ఈ క్రియకు సాధారణ అధికారమను అర్థమును కలదు గనుక వివాదము తీరినదని మేము చెప్పము. అయినను, అర్థము ఇంతగా తేలని మాటను 'అధికారము' అని తేల్చి, ఆ ఆధారముతో బోధింపగల సహోదరిని వేదికనుండి దింపుట న్యాయమా? 'పెత్తనము చెలాయించుట' అనినచో మూలమునకు దగ్గరగా ఉండునని మా అభిప్రాయము.

1 కొరింథీ 11:10 కూడ చూడదగినది. స్త్రీకి తలమీద 'అధికార సూచన' ఉండవలెనని మనము చదువుచున్నాము. గ్రీకులో ఎక్సూసియా అని మాత్రమే ఉన్నది. 'సూచన' అను మాట లేదు. ఆ అధికారము ఆమెదా, ఆమెపై మరియొకరిదా అను ప్రశ్న చదువరికి తట్టకముందే అనువాదకులు జవాబు చెప్పివేసిరి.