కెమెరా వెనక ఎవరు, ముందు ఎవరు?

రంజన్ పాలిత్ పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదువుకుని, దశాబ్దాలపాటు డాక్యుమెంటరీలకు కెమెరా పట్టిన మనిషి. ఆయన పనితనంతో మాకు పేచీ లేదు. ఐతే ఒక కెమెరామన్ జీవితాన్ని సినిమాల లెక్కతో, అవార్డులతో కొలిస్తే సరిపోతుందా? ఆ సినిమాల్లో కనపడ్డ మనుషుల వైపు నుంచి కూడా కొలవాలంటాం మేం.

ఆనంద్ పట్వర్ధన్ 1985లో తీసిన 'బాంబే అవర్ సిటీ' చూడండి. బొంబాయిలో గుడిసెల కూల్చివేత మీద తీసిన సినిమా. దానికి కెమెరా పట్టినవాళ్లలో పాలిత్ ఒకరు. అందులో ఒకామె సినిమా వాళ్ల మీదికే తిరగబడుతుంది. పేదోళ్ల బొమ్మలు తీసుకుపోతే మాకేం ఒరుగుతుందని నిలదీస్తుంది. ఆ ముక్క కత్తిరించకుండా ఉంచారు. మెచ్చుకోవాల్సిందే. కానీ ప్రశ్నను ఉంచినంత మాత్రాన జవాబు చెప్పినట్టు కాదు.

అప్పటి 16 ఎం.ఎం. ఫిల్ము 400 అడుగుల రీలు 11 నిమిషాల్లో అయిపోయేది. ఫిల్ము ఖరీదు. ఎవరి మాటకు కెమెరా నడవాలి, ఎవరి మాటకు ఆగాలి అన్నది ఒక అధికారం. అది గుడిసెల వాళ్ల చేతిలో లేదు.

1988లో వసుధా జోషితో కలిసి పాలిత్ 'వాయిసెస్ ఫ్రమ్ బలియాపాల్' తీశాడు. క్షిపణి పరీక్షా కేంద్రం కోసం భూములు లాక్కోబోతే ఎదురు నిలిచిన ఒరిస్సా ఊళ్ల కథ అది. ఇక్కడ జనం జాలిపడాల్సిన వాళ్లు కాదు, పోరాడేవాళ్లు. 2010 ప్రాంతంలో 'ఇన్ కెమెరా'లో తన పాత దృశ్యాలనే తిరగేసి తన్ను తాను ప్రశ్నించుకున్నాడు. ఆ నిజాయితీకి విలువుంది. ఐనా అది కెమెరా వెనకున్నవాడి మనస్సాక్షి కథే.

ముందున్నవాళ్ల కథ వేరు. 'బాంబే అవర్ సిటీ'లో పాట పాడిన దళిత కవిగాయకుడు విలాస్ ఘోగ్రే. 1997 జూలై 11న బొంబాయి రమాబాయి నగర్‌లో అంబేద్కర్ విగ్రహానికి జరిగిన అవమానం మీద జనం నిరసనకు దిగితే, పోలీసు కాల్పుల్లో 10 మంది చనిపోయారు. నాలుగు రోజులకు ఘోగ్రే తన ప్రాణం తీసుకున్నాడు. ఆ మీదట పట్వర్ధన్ 14 ఏళ్లు తిరిగి, తనే కెమెరా పట్టి 'జై భీమ్ కామ్రేడ్' (2011) తీశాడు. గొప్ప సినిమా. ఐతే ఘోగ్రే రెండుసార్లూ వేరేవాళ్ల కెమెరాలోంచే మన దాకా వచ్చాడు.

ఇవాళ ఫోన్లోనే కెమెరా ఉంది. వస్తువు దొరికితే చాలదు. శిక్షణ, కూర్చే తీరిక, తీసింది దాచే చోటు, చూపించే తెర కూడా కావాలి. మన పిల్లలు పాలిత్ పనిని శ్రద్ధగా చూడాలి, పని నేర్చుకోవాలి. ఆ ఆడమనిషి ప్రశ్నను మాత్రం ఎవరికీ అప్పజెప్పొద్దు. దానికి జవాబు వెతకాల్సింది మనమే.