అద్దమును, బోరునీరును



2015లో విడుదలైన "సైజ్ జీరో" అను చలనచిత్రమును మన సంఘములలోని యౌవనస్థులు కొందరు చూచియుందురు. లావుగా నున్న ఒక అమ్మాయి, ఆమె పెండ్లికై తల్లడిల్లు తల్లి, త్వరగా చిక్కిపోవుదురని ఆశపెట్టి డబ్బు గుంజు ఒక వ్యాపారి, ఇదియే కథ. ఆ వేషము కొరకు అనుష్క అను నటి నిజముగానే బరువు పెరిగినది. సన్నని రూపమునకే విలువ కట్టు వృత్తిలో అది చిన్న సంగతి కాదు.

ఇందులో మెచ్చదగినది ఒకటి గలదు. మన సిగ్గును పెట్టుబడిగా పెట్టి వ్యాపారము చేయువారున్నారని ఈ చిత్రము దాచక చెప్పినది. అయితే లోపమును గలదు. నీ దేహమును నీవు ప్రేమించుకొనుమని బోధించిన కథ, చివరకు ఆ అమ్మాయికి అందగాడైన వరుని బహుమానముగా నిచ్చి ముగియుచున్నది. ఎవరైన మెచ్చి ఎన్నుకొనిననే విలువయను పాత కొలబద్ద అట్లే నిలిచినది. వరుడు రాని అమ్మాయి మాట యేమి?

ఈ బోధను మన పొదిలి ప్రాంతమునకు తెచ్చి చూడుము. ఇక్కడ నవ్వు వచ్చినప్పుడు పైటకొంగు నోటికి అడ్డము పెట్టుకొను ఆడపిల్లలు గలరు. కారణము గారపండ్లు. పెండ్లిచూపులలో మొదట చూచునది అవియే. పండ్లు తోముకొనని సోమరియని వారిని ఎగతాళి చేయుదురు. అది అన్యాయము. ఎనిమిదేండ్ల లోపు, పండ్లు లోపల తయారగుచున్న కాలములో, త్రాగిన నీటిలో ఫ్లోరైడు మిక్కుటమైనందున పట్టిన గార అది. ఇటుకపొడితో ఎంత తోమినను పోదు. పండ్లు మాత్రము అరుగును. అదే నీటిని ఏండ్ల తరబడి త్రాగిన పెద్దలకు నడుము, మెడ బిగుసుకొని ఎముకలు వంగును.

ఈ వ్యాధి నెల్లూరు జిల్లాలో నున్నట్లు 1937లోనే వైద్యులు ప్రకటించిరి. మన పొదిలి అప్పుడు ఆ జిల్లాలోనిదే. 1970లో ఒంగోలు జిల్లా ఏర్పడినప్పుడు ఇటు చేరినది.

ఇట్టి బిడ్డతో, "నీ పండ్లు అందమైనవే, ప్రేమించుకొనుము" అని చెప్పి ఊరకుందుమా? ఆ మాట తీయనిదే గాని, బోరునీటిని క్షమించి విడిచిపెట్టును. బిడ్డను అంగీకరించుట వేరు, బిడ్డను చెరపిన నీటిని అంగీకరించుట వేరు. చిత్రమునకు ఈ భేదము పట్టలేదు; దానికి అద్దము తప్ప ఊరిబావి కనబడలేదు.

లేచిన ప్రభువు తోమాకు తన గాయములను దాచక చూపెను. వాటి నిమిత్తము సిగ్గుపడలేదు. అయినను మేకులు మంచివని ఆయన శిష్యులలో ఎవరును చెప్పలేదు. దేహమును గూర్చి మనము నేర్చుకొనవలసిన పాఠము ఇక్కడ గలదు.

కాబట్టి చదువరీ, నీ యింట గారపండ్ల బిడ్డ యున్నయెడల, అది ఆమె తప్పు కాదని నేడే చెప్పుము. సంబంధము చూడబోయినప్పుడు పండ్లు చూచి లేచి రాకుము. నీవు త్రాగు నీటిని గ్రామీణ నీటి సరఫరా శాఖవారి ప్రయోగశాలలో పరీక్ష చేయించుము. లీటరునకు 1.5 మిల్లీగ్రాములు మించిన ఫ్లోరైడున్నచో ఆ నీరు పసిబిడ్డలకు పోయకుము. కాచినంత మాత్రమున అది పోదు. మంచినీటి కొరకు పంచాయతీని అడుగుటకు సంఘమంతయు కలిసి వెళ్లుడి. అప్పుడు ఆ బిడ్డ కొంగు తీసి నవ్వును. ఆమె తరువాత పుట్టువారికి కొంగుతో పనియే యుండదు.